ముప్పై సెంట్ల నీళ్లు

ఇరవై రెండేళ్లు వంశధారని నేను
కుడిచేత్తో గీశాను.
సిక్కోలు సర్వే ఆఫీసులో, ఉత్తరపు కిటికీ పక్కన,
ట్రేసింగ్ కాగితం మీద నీలి ఇంకుతో
భామిని దగ్గర మొదలెట్టి
కళింగపట్నం దగ్గర కలం ఎత్తేసేవాణ్ణి.
టీ చల్లారేలోపు ఏరు సముద్రంలో కలిసేది.
ఒక్కసారీ చెయ్యి తడవలేదు.

ఈ కార్తీకంలో, వరద తీసి నీళ్లు తేరుకున్నాక,
శ్రీముఖలింగం రేవులో దాలయ్య పడవెక్కాను.
నా సంచిలో పటం, నాలుగు మడతలు.
పడవలో రెండు కోడిపెట్టలు, ముందు చక్రం లేని సైకిలు,
నోట్లో నిప్పు దాచుకుని
అడ్డపొగ పీలుస్తున్న అసిరమ్మ.

దాలయ్య రెండు కళ్లమీదా పొర,
చల్లారిన గంజిమీద తెట్టులా.
ఎలా నడుపుతావు, అనడిగాను.
గెడ నీళ్లలోకి దించి, నా చేతికిచ్చాడు.
"ఇసకైతే గరగరమంటాది బావూ.
బురదైతే మింగీసి, మరివ్వనంటాది.
రాయైతే కసురుతాది.
ఇను ముందు. సూడ్డం తరవాత."

విన్నాను.
నాకేమీ చెప్పలేదు ఏరు.
ముఖ పరిచయం లేనివాడికి ఏం చెబుతుంది?

పటం మడతలు విప్పి చూస్తే
మేం పొలాల్లో పోతున్నాం,
నా గీతకి అరమైలు తూర్పున,
వరిమళ్లకు నేను పెట్టిన పచ్చచుక్కల మీదుగా.
నేను గీసిన నీలం ఉండాల్సిన చోట
రెల్లు, ఓ గేదె, ఎవరో ఆరేసిన దుప్పటి.
తప్పు గీశానా అన్నాను, పైకే.
దాలయ్య నవ్వాడు.
"ఏరు కదా బావూ,
పడుకున్న సోటే లెగుత్తాదా?"

అంతవరకూ పలకని అసిరమ్మ
చుట్ట తీసి, చీర కుచ్చెళ్లు ఎత్తి,
రెండు కాళ్లూ పైకి లాక్కుని బల్లమీద ముడుచుకుంది.
పడవకి చిల్లు పడిందేమో అనుకున్నాను.
"కాళ్లు తియ్యి బావూ" అంది నాతో.
ఎందుకు?
"మా సోడిసేను. ముప్పై సెంట్లు.
తొక్కీగలవు."

ఆ పెద్దగాలి ఏడాది ఏరు
ఇటు తిరిగి పడుకుందట.

కాళ్లు తీశాను.
దాలయ్య గెడ పైకెత్తి అడ్డంగా పట్టుకున్నాడు,
దాని కొసనుంచి చుక్కలు.
పడవ తనంతట తానే పోయింది.
చుట్ట రెండుసార్లు పీల్చినంతసేపు
ముగ్గురం మాట్లాడలేదు, కోళ్లు కూడా.

చేను కనపడిందని అబద్ధమాడను.
నీళ్లే కనపడ్డాయి.
కానీ ముప్పై సెంట్ల నీళ్లు.

"గట్టు దాటీసినాం" అంది.
కాళ్లు దించుకున్నాం. గెడ దిగింది. గరగర.
ఇసక, అన్నాను నేను.
దాలయ్య అవునన్నట్టు ఊఁ కొట్టాడు.

ఆ తరవాత శాలిహుండం కొండ.
బస్సు కిటికీలోంచి ఎప్పుడూ ఒకే ముఖం చూపించేది,
ఇవాళ మెల్లగా మా చుట్టూ నడిచొచ్చి
వీపు చూపించింది. దువ్వుకోని జుట్టులా పొదలు.
దానికి వీపుందని నాకెవరు చెప్పారు?

కళింగపట్నం దగ్గర
నేను కలం ఎత్తే చోటు కోసం వెతికాను.
దాలయ్య వేలు ముంచి నాలిక్కి రాసుకుని
"ఇంకా ఏరే" అన్నాడు.
కాస్సేపటికి ఉప్పన.
ఇంకాస్సేపటికి, మళ్లీ తీపి.
ఎక్కడ దాటామో ఇద్దరం చెప్పలేకపోయాం.
అసిరమ్మ మాత్రం దిగిపోతూ
సైకిలుకి చక్రం ఎక్కడ బాగా వేస్తారని అడిగింది.

సోమవారం. కిటికీ. కొత్త కాగితం.
భామిని, కొత్తూరు, హిరమండలం,
అలవాటైన చెయ్యి పరిగెడుతోంది.
శ్రీముఖలింగం దాటాక ఒకచోట
కలం దానంతటదే లేచింది,
ఆవగింజంత జాగా వదిలి
అవతల దిగింది.

సూపరింటెండెంటు భూతద్దం పెట్టి చూసి
"ఇక్కడ ఏరు తెగిందేమిటయ్యా?" అన్నాడు.

తెగలేదండీ, అన్నాను.
బల్లకింద నా కాళ్లు
ఇంకా పైకే ఉన్నాయి.